గవాక్షంలో ఆట

హైదరాబాదు నగరంలో నారాయణగూడ, చిక్కడపల్లి, అశోక్‌నగర్ ఒకదానినొకటి ఆనుకొని ఉన్న ప్రాంతాలు. నారాయణగూడలో జూనియర్ కళాశాలలు, చిక్కడపల్లిలో నగర కేంద్ర గ్రంథాలయం, అశోక్‌నగర్ వీధులలో పోటీపరీక్షల శిక్షణ కేంద్రాలు, వాటిని ఆశ్రయించి వసతి గృహాలు, జిరాక్స్ దుకాణాలు, పుస్తకాల అంగళ్లు వెలిశాయి. దూరపు జిల్లాల నుండి వచ్చిన విద్యార్థులు ఇక్కడ ముగ్గురు నలుగురు కలిసి ఒక గదిని పంచుకొంటారు. అటువంటి గదిలో ల్యాప్‌టాప్ ఒక్కటే ఉంటే, దాని తెర కూడ పంచుకోవలసిన వస్తువే అవుతుంది. పాఠాల వీడియో, నోట్సు, పరీక్షల నోటిఫికేషన్, సాయంకాలం కాసేపు ఆడుకొనే ఆట, ఇన్నింటికీ ఆ చిన్న తెరయే ఆధారం. తక్కినవన్నీ దానిపై సర్దుకొంటాయి. ఆట మాత్రం మొదలుకాగానే తెరనంతటినీ ఆక్రమిస్తుంది. దానిని కూడ తెరలో ఒక భాగానికి పరిమితం చేసే పద్ధతి ఉంది. దానినే ‘విండోడ్ మోడ్’ అంటారు. అది ఎలా పనిచేస్తుందో, ఎక్కడ మేలు చేస్తుందో, ఎక్కడ చేయదో పరిశీలిద్దాం.

‘విండో’ అంటే కిటికీ. మన సాహిత్యభాషలో గవాక్షం. కంప్యూటరు తెరపై ఒక్కొక్క పనికి కేటాయించిన దీర్ఘచతురస్రాకారపు గడికి ఆ పేరు స్థిరపడింది. ఈ పేటలలో అద్దె ఇంటికోసం తిరిగినవారికి ‘ఇండిపెండెంట్ ఇల్లు’, ‘పోర్షన్’ అనే మాటలు సుపరిచితాలు. తెరనంతటినీ ఆక్రమించే ఆట ఇండిపెండెంట్ ఇంటిలో కాపురమున్నవాని వంటిది. గేటు, వాకిలి, డాబా అన్నీ వానివే. విండోలో నడిచే ఆట పోర్షన్‌లో ఉండేవాని వంటిది. తన గదులు తనవి. గేటు, కుళాయి మాత్రం అందరివి. ఈ రెండింటికీ నడుమ మూడవ పద్ధతి కూడ ఉంది. అది ‘బోర్డర్‌లెస్ విండో’, అనగా అంచులు లేని గవాక్షం. చూడడానికి ఆట తెరనంతటినీ నింపినట్లే ఉంటుంది. కాని గేటు తాళం ఇంటి యజమాని దగ్గరే ఉన్నట్లు, తెరపై అధికారం మాత్రం ఆపరేటింగ్ సిస్టమ్ చేతిలోనే ఉంటుంది.

ఒకే తెరపై అనేక గవాక్షాలు తెరవవచ్చునన్న భావన ఒక్కరోజులో పుట్టలేదు. 1968 డిసెంబరు 9న అమెరికాలోని శాన్‌ఫ్రాన్సిస్కోలో డగ్లస్ ఎంగెల్‌బార్ట్ అనే శాస్త్రవేత్త మౌస్ సాయంతో తెరమీది సమాచారాన్ని నడిపించే విధానాన్ని ప్రదర్శించాడు. 1973లో జిరాక్స్ సంస్థకు చెందిన పరిశోధన కేంద్రంలో ‘ఆల్టో’ అనే కంప్యూటరు రూపొందింది. మన వీధులలోని ‘జిరాక్స్’ దుకాణాలకు పేరునిచ్చిన సంస్థ ఇదే. బల్లపై ఒకదానిమీద ఒకటి పరచిన కాగితాల వలె గవాక్షాలు అమరే పద్ధతిని అక్కడి పరిశోధకులు అభివృద్ధి చేశారు. 1984లో ఆపిల్ సంస్థ తెచ్చిన మెకింటాష్ ఈ పద్ధతిని ప్రజలకు చేరువ చేసింది. మైక్రోసాఫ్ట్ 1985 నవంబరులో విడుదల చేసిన మొదటి విండోస్‌లో గవాక్షాలు గచ్చుపలకల వలె పక్కపక్కనే ఉండేవి. అవి ఒకదానిపై ఒకటి వచ్చే వీలు 1987లో రెండవ రూపంతో కలిగింది.

ఆటలు ఈ మార్పును రెండు విధాలుగా స్వీకరించాయి. 1990లో విండోస్ 3.0తో వచ్చిన పేకాట ‘సాలిటేర్’, 1992లో విండోస్ 3.1తో వచ్చిన ‘మైన్‌స్వీపర్’ చిన్న గవాక్షంలో ఒదిగిపోయాయి. వేగంగా కదిలే ఆటలు మాత్రం చాలాకాలం పాత ‘డాస్’ పద్ధతిని విడువలేదు. డాస్‌లో నడిచే ప్రోగ్రాము యంత్రమంతటికీ తానే అధిపతి. 1993 డిసెంబరులో వచ్చిన ‘డూమ్’ ఈ కోవకు చెందినదే. ఆట రచయితలను విండోస్ వైపు మళ్లించడానికి మైక్రోసాఫ్ట్ 1995లో ‘డైరెక్ట్‌ఎక్స్’ అనే ఉపకరణ సముదాయాన్ని రూపొందించింది. దాని ద్వారా విండోస్‌లో ఉంటూనే తెరపై పూర్తి అధికారం పొందే అవకాశం ఆటలకు లభించింది. ఆ మైక్రోసాఫ్ట్ సంస్థ 1998లో మన హైదరాబాదులో అభివృద్ధి కేంద్రాన్ని నెలకొల్పింది. ఈ నగరంలోనే పుట్టి చదువుకొన్న సత్య నాదెళ్ల 2014లో ఆ సంస్థకు ముఖ్య కార్యనిర్వహణాధికారి అయ్యాడు.

ఇక ఈ రెండు పద్ధతులు లోపల ఎలా పనిచేస్తాయో చూద్దాం. తెరమీది కదలిక నిజానికి నిశ్చల చిత్రాల వరుస. చిక్కడపల్లి పక్కనే ఉన్న ఆర్.టి.సి. క్రాస్‌రోడ్స్ థియేటర్లలో మనం చూసే సినిమా సాధారణంగా సెకనుకు 24 చిత్రాలతో సాగుతుంది. సాధారణమైన కంప్యూటరు తెర సెకనుకు 60 పర్యాయాలు కొత్త చిత్రాన్ని చూపుతుంది. అంటే ఒక్కొక్క చిత్రానికి లభించే వ్యవధి దాదాపు 16.7 మిల్లీసెకన్లు. ఆ స్వల్పకాలంలో ఆట తన తరువాతి దృశ్యాన్ని కంటికి కనబడని జ్ఞాపకస్థానంలో గీసి సిద్ధం చేస్తుంది. తెరపై పూర్తి అధికారం ఉన్నపుడు, గీయడం పూర్తికాగానే పాత చిత్రం స్థానంలో కొత్త చిత్రాన్ని నేరుగా నిలబెడుతుంది. నడుమ మరొకరి ప్రమేయం ఉండదు.

విండోలో ఆడునపుడు ఇంత సులువు కాదు. ఆట గీసిన చిత్రాన్ని, నోట్సు గవాక్షాన్ని, అడుగున ఉన్న టాస్క్‌బార్‌ను కలిపి ఒకే చిత్రంగా కూర్చే ప్రోగ్రాము ఒకటి మధ్యవర్తిగా ఉంటుంది. వ్యక్తిగత వినియోగదారులకు 2007 జనవరిలో అందిన విండోస్ విస్టాతో ఈ కూర్పు పద్ధతి ప్రవేశించింది. మధ్యవర్తి చేతులమీదుగా రావడం వలన ఆట దృశ్యం కొంత ఆలస్యంగా తెరకు చేరుతుంది. ఆ ఆలస్యం సెకనులో స్వల్పభాగమే. చదరంగం ఆడేవానికి అది తెలియనే తెలియదు. గురిచూసి కాల్చే ఆటలో, పందెపు కార్ల ఆటలో అది గెలుపోటములను మార్చవచ్చు. విండోస్ 8 నాటి నుండి చిత్రాలను మరింత సూటిగా తెరకు అందించే విధానాలు వచ్చాయి. 2022లో విండోస్ 11కు వచ్చిన నవీకరణ, విండోలలో నడిచే ఆటలకోసమే ఒక ప్రత్యేక అమరికను చేర్చింది. కనుక విండోలో ఆడితే ఆట తప్పక నెమ్మదిస్తుందన్న పాత అభిప్రాయం నేడు అన్ని ఆటలకూ వర్తించదు.

ఈ పద్ధతివలన కలిగే ప్రయోజనాలలో మొదటిది బలహీనమైన యంత్రానికి ఊరట. తెర అసంఖ్యాకమైన చుక్కల సముదాయం. నేడు విరివిగా కనబడే తెరలో అడ్డంగా 1920, నిలువుగా 1080, మొత్తం 20,73,600 చుక్కలుంటాయి. ఆటను 1280×720 పరిమాణం గల గవాక్షంలో నడిపితే గీయవలసిన చుక్కలు 9,21,600 మాత్రమే. సగానికన్న తక్కువ శ్రమ! గ్రాఫిక్స్ కార్డు లేని ల్యాప్‌టాప్‌లో ఆట తడబడకుండ సాగడానికి ఇది చాలా సందర్భాలలో ఉపకరిస్తుంది.

రెండవది పాత ఆటలకు పునర్జీవనం. 1998లో వచ్చిన ‘స్టార్‌క్రాఫ్ట్’ 640×480 చుక్కల తెరకు, 256 రంగులకు తగినట్లు రూపొందింది. అటువంటి ఆటను నేటి వెడల్పు తెర నిండుగా సాగదీస్తే బొమ్మలు లావెక్కి, మసకబారి కనబడతాయి. చిన్న గవాక్షంలో చూస్తే వాటి అసలు నిష్పత్తి, అసలు స్పష్టత నిలుస్తాయి.

మూడవది రాకపోకల సౌకర్యం. పూర్వపు ఆటలలో తెరనిండా ఆట నడుస్తుండగా మరొక పనికి మారితే, ఆట తన చిత్రాలనన్నింటినీ మరల సమకూర్చుకోవలసి వచ్చేది. సరిగా రచింపబడని ఆట అక్కడితో ఆగిపోయేది. విండోలో ఉన్న ఆటకు ఈ ప్రమాదం తక్కువ.

ఈ పద్ధతిని అమర్చుకోవడం కష్టం కాదు. చాలా ఆటల సెట్టింగ్స్‌లో ‘డిస్‌ప్లే మోడ్’ అనే అంశం కింద ఫుల్ స్క్రీన్, విండోడ్, బోర్డర్‌లెస్ అనే మూడు ఎంపికలు కనబడతాయి. అనేకమైన ఆటలలో ఆల్ట్ మీటను అదిమిపట్టి ఎంటర్ మీటను నొక్కినా ఒక పద్ధతి నుండి మరొక పద్ధతికి మారుతుంది. కొన్ని ఆటలకు షార్ట్‌కట్ ప్రాపర్టీస్‌లో ‘టార్గెట్’ గడి చివర ఒక ఖాళీ విడిచి, చిన్న గీత పెట్టి, ‘విండోడ్’ అనే మాటను ఇంగ్లీషు అక్షరాలలో చేర్చవలసి ఉంటుంది. మౌస్ బాణం గవాక్షపు హద్దు దాటి పోకుండ ఆపే ఎంపిక ఉంటే దానిని కూడ ఎంచుకోవాలి. లేకపోతే ఆట మధ్యలో ఒక క్లిక్ బయటపడి, వేరొక గవాక్షం ముందుకు వచ్చేస్తుంది. చిన్నది చేసి పక్కకు నెట్టినా ఆట సాధారణంగా పనిచేస్తూనే ఉంటుందని, యంత్రం వేడెక్కుతూ బ్యాటరీ తరుగుతూనే ఉంటుందని మరువరాదు.

ఇంతవరకు చెప్పినది యంత్రానికి సంబంధించిన విషయం. అసలైన చిక్కు మనస్సుది. ఎడమ గవాక్షంలో భౌతికశాస్త్ర పాఠం, కుడి గవాక్షంలో ఆట తెరచుకొని కూర్చున్న విద్యార్థి రెండూ సాగుతున్నవని భావిస్తాడు. కంప్యూటరులో అవి నిజంగానే సాగుతాయి. దానికి ఒకటికన్న ఎక్కువ ప్రాసెసర్ కోర్‌లు ఉన్నాయి; ఒక పనిని ఆపి మరల అందుకొనునపుడు అది ఎక్కడ ఆపిందో అక్కడ నుండే అందుకొంటుంది. మానవ మనస్సు అలా చేయలేదు. రూబిన్‌స్టైన్, మేయర్, ఎవాన్స్ అనే మనస్తత్వ శాస్త్రవేత్తలు 2001లో ప్రచురించిన ప్రయోగాలలో, ఒక పని నుండి మరొక పనికి మారిన ప్రతిసారీ కొంతకాలం వృథా అవుతుందని, పని జటిలమయ్యేకొద్దీ ఆ నష్టం పెరుగుతుందని తేలింది. మొదటి పనిని విడిచి రెండవదానికి వచ్చిన తరువాత కూడ మన ధ్యాసలో కొంత భాగం మొదటిదానినే పట్టుకొని ఉంటుందని సోఫీ లెరాయ్ అనే పరిశోధకురాలు 2009లో వివరించింది. లెక్క మధ్యలో ఒక్కమారు ఆటవైపు చూచి వచ్చినవాడు, వెనుకకు వచ్చిన తరువాత సమీకరణాన్ని మొదటి నుండి చదువుకోవలసి వస్తుంది. అలా తరిగిన కాలం ఆటకు గాని చదువుకు గాని చెందదు.

ఐతే విద్యార్థికి ఈ పద్ధతివలన మేలు లేదనరాదు. తెరనిండా పరచుకొన్న ఆట సాధారణంగా మూలనున్న గడియారాన్ని కప్పివేస్తుంది. అరగంట ఆడుదామని కూర్చున్నవాడు గదిలో తక్కినవారు నిద్రించిన తరువాత గాని తలయెత్తడు. ఆట గవాక్షంలో ఉన్నపుడు గడియారం కనబడుతూనే ఉంటుంది. రేపటి స్లిప్ టెస్టు నోట్సు పేరు కూడ టాస్క్‌బార్‌పై కనబడుతూనే ఉంటుంది. ఆట ముగించడం అపుడు మన నిర్ణయమవుతుంది. కనుక ఆడే సమయంలో ఆటను గవాక్షంలో ఉంచుకొని గడియారాన్ని చూస్తూ ఆడడం మంచిది. చదివే సమయంలో ఆ గవాక్షాన్ని పక్కకు జరపడం చాలదు, పూర్తిగా మూసివేయాలి. తెరను పలువురికి పంచిపెట్టగల నేర్పు యంత్రానికి ఉంది. ధ్యాసను ఒక్కచోట నిలపవలసిన బాధ్యత మాత్రం విద్యార్థిదే.