ఏఎఫ్‌ఆర్ గేజ్ 'లీన్' అని చూపిస్తోందా? పెట్రోల్ పెంచే ముందు ఇవి చెక్ చేయండి

ఫ్రెండ్స్, ఈసారి ఫోన్ కాదు, కారు డ్యాష్‌బోర్డ్ మీద పెట్టుకునే గ్యాడ్జెట్ గురించి. నా పాత పెట్రోల్ హ్యాచ్‌బ్యాక్‌కి వైడ్‌బ్యాండ్ ఏఎఫ్‌ఆర్ గేజ్ పెట్టించుకున్నాను. ఇంజిన్‌లోకి గాలి, పెట్రోల్ ఏ నిష్పత్తిలో వెళ్తున్నాయో చూపించే మీటర్ ఇది. పెట్టిన మొదటి రోజే షాక్. బండి ఐడిల్‌లో ఉంటే గేజ్ 16.2 నుంచి 16.5 దాకా చూపిస్తోంది. ఉండాల్సింది 14.7 దగ్గర. అంటే గాలి ఎక్కువ, పెట్రోల్ తక్కువ. దీన్నే లీన్ అంటారు.

నా కారులో పిగ్గీబ్యాక్ ఈసీయూ కూడా ఉంది. ల్యాప్‌టాప్ కనెక్ట్ చేసి, మ్యాప్ మొత్తానికి 8 శాతం పెట్రోల్ పెంచేద్దాం అనుకున్నా. సేవ్ నొక్కేలోపు మా వీధి చివర మెకానిక్ అన్న ఒక్క మాట అన్నాడు: "తమ్ముడూ, మీటర్ చెప్పిందని పెట్రోల్ పోయకు, ముందు ప్లగ్గు విప్పి చూడు." ఆ మాట నా ఇంజిన్‌ని కాపాడింది. ఎలాగో చూద్దాం.

గేజ్ నిజంగా కొలిచేది ఏంటి?

చాలామంది ఈ గేజ్ పెట్రోల్‌ని కొలుస్తుంది అనుకుంటారు. కాదు. ఎగ్జాస్ట్ పైపులో ఉన్న సెన్సార్ అక్కడి పొగలో మిగిలిన ఆక్సిజన్‌ని చూస్తుంది. ఆక్సిజన్ ఎక్కువ కనిపిస్తే "లీన్" అంటుంది. ఆ ఆక్సిజన్ ఇంజిన్ లోంచి వచ్చిందా, పైపుకి ఉన్న చిన్న సందులోంచి వచ్చిందా అనేది దానికి తెలియదు. తప్పుడు లీన్ రీడింగ్‌లలో చాలావాటికి మూలం ఇదే.

స్టెప్ 1: లీన్ ఎప్పుడు చూపిస్తోంది?

టూల్స్ తీసే ముందు ఇది గమనించండి. యాక్సిలరేటర్ మీంచి కాలు తీసి బండిని గేర్‌లో దొర్లిస్తున్నప్పుడు గేజ్ పూర్తిగా లీన్‌కి వెళ్తే కంగారు వద్దు. అప్పుడు ఈసీయూ పెట్రోల్ ఆపేస్తుంది, పైపులో ఉండేది గాలే. అది నార్మల్.

నా కారులో ప్యాటర్న్ వేరు. ఐడిల్‌లో 16 పైన, 2,500 ఆర్‌పీఎం దగ్గర 15.2, ఫుల్ థ్రాటిల్‌లో 12.8. లోడ్ పెరిగే కొద్దీ రీడింగ్ దారిలోకి వస్తోంది. సెన్సార్‌కి ముందు ఎగ్జాస్ట్ లీక్ ఉంటే సరిగ్గా ఇలాగే ఉంటుంది. పొగ పైపులో ఒకే ధారగా పోదు, దెబ్బ దెబ్బగా వెళ్తుంది. ఒక్కో దెబ్బ వెనకాల క్షణంపాటు పైపు లోపల ప్రెషర్ పడిపోయి, సందులోంచి బయటి గాలిని లోపలికి లాగుతుంది. ఐడిల్‌లో పొగ తక్కువ కాబట్టి ఆ కొద్ది గాలే పెద్దగా కనిపిస్తుంది. ఫుల్ థ్రాటిల్‌లో పొగ ప్రవాహం ముందు అది లెక్కలోకి రాదు.

ఒక హెచ్చరిక: ఫుల్ థ్రాటిల్‌లోనే లీన్ చూపిస్తుంటే "గేజ్ అబద్ధం చెబుతోంది" అని నడిపేయకండి. వెంటనే కాలు తీసేయండి. లోడ్‌లో నిజంగా లీన్ అయితే పిస్టన్ కరిగే ప్రమాదం ఉంది.

స్టెప్ 2: ఫోన్‌లో ఫ్యూయల్ ట్రిమ్ చూడండి

ఇక్కడ మన ఫోన్ పనికొస్తుంది. ఓబీడీ బ్లూటూత్ డాంగిల్ పెట్టి, ఏదైనా ఓబీడీ యాప్‌లో షార్ట్ టర్మ్, లాంగ్ టర్మ్ ఫ్యూయల్ ట్రిమ్ చూడండి. కంపెనీ సెన్సార్ చెప్పినదాన్ని బట్టి ఈసీయూ పెట్రోల్‌ని ఎంత శాతం పెంచుతోందో, తగ్గిస్తోందో ఇవి చెబుతాయి. ప్లస్ మైనస్ 5 లోపు ఉంటే మామూలే. ప్లస్ 10 దాటితే ఈసీయూకి కూడా లీన్ కనిపిస్తోందని అర్థం.

నా కారులో షార్ట్ టర్మ్ 3 లోపు ఊగుతోంది, లాంగ్ టర్మ్ ప్లస్ 2. అంటే కంపెనీ సెన్సార్‌కి ఏ సమస్యా లేదు, లీన్ అంటోంది నా గేజ్ ఒక్కటే. నా వైడ్‌బ్యాండ్ సెన్సార్ కంపెనీ సెన్సార్ తర్వాత, కింది పైపులో ఉంది. కాబట్టి లీక్ ఈ రెండిటి మధ్య ఉండాలి.

అయితే ఒక మెలిక ఉంది. లీక్ రెండు సెన్సార్లకీ ముందు ఉంటే ఈసీయూ కూడా మోసపోతుంది. ట్రిమ్ ప్లస్‌లోకి పోతుంది, అక్కర్లేని పెట్రోల్ పోస్తుంది, మైలేజ్ పడిపోతుంది. ఇన్‌టేక్ వైపు వాక్యూమ్ లీక్ ఉన్నా ట్రిమ్ ఐడిల్‌లో ప్లస్సే, కానీ అది నిజమైన లీన్. ట్రిమ్ ఒక్కటే చూసి ఈ రెండిటినీ విడదీయలేం. స్మోక్ టెస్ట్ చేయిస్తే తేలిపోతుంది.

స్టెప్ 3: ప్లగ్గులు విప్పండి

అన్న చెప్పింది ఇదే. ప్లగ్గు కొన లేత గోధుమ రంగులో ఉంటే మిక్చర్ బాగున్నట్టు. నల్లగా మసి పట్టి ఉంటే ఆ ఇంజిన్ రిచ్‌గా నడుస్తోంది, గేజ్ ఏం చెప్పినా సరే. నావి గోధుమ రంగులోనే ఉన్నాయి.

మిస్‌ఫైర్ సంగతీ ఇక్కడే తెలుస్తుంది. ఒక సిలిండర్‌లో స్పార్క్ పడకపోతే పెట్రోలు, గాలి రెండూ కాలకుండా బయటికి వస్తాయి. సెన్సార్‌కి ఆ ఆక్సిజన్ కనిపించి లీన్ అంటుంది. అప్పుడు మార్చాల్సింది ప్లగ్గో, కాయిలో. మ్యాప్ కాదు.

స్టెప్ 4: సబ్బు నీళ్ల టెస్ట్

ఇంజిన్ పూర్తిగా చల్లారాక, వ్యాక్యూమ్ క్లీనర్‌ని బ్లోయర్ మోడ్‌లో పెట్టి సైలెన్సర్ లోకి గాలి కొట్టాలి. చుట్టూ గుడ్డ బిగించండి. తర్వాత స్ప్రే బాటిల్‌తో సబ్బు నీళ్లు ప్రతి జాయింట్ మీద, సెన్సార్ కోసం వెల్డ్ చేసిన చోట కొట్టండి. ఎక్కడ బుడగలు వస్తే అక్కడే లీక్. నాకు మ్యానిఫోల్డ్, కింది పైపు కలిసే ఫ్లాంజ్ దగ్గర బుడగలు వచ్చాయి. పైపు దించి సెన్సార్ బంగ్ వెల్డ్ చేయించినప్పుడు పాత గ్యాస్కెట్‌నే మళ్లీ వేశారు. కొత్త గ్యాస్కెట్ వేయగానే ఐడిల్ 14.6, 14.8 మధ్య నిలబడింది.

లీక్ లేకపోతే ఇవి చూడండి

సెన్సార్ ప్లేస్: సెన్సార్‌ని సైలెన్సర్ చివర క్లాంప్‌తో పెడితే ఐడిల్‌లో బయటి గాలి వెనక్కి వచ్చి లీన్ చూపిస్తుంది. మ్యానిఫోల్డ్ తర్వాత, క్యాటలిటిక్ కన్వర్టర్‌కి ముందు పెట్టాలి. సెన్సార్ పైనుంచి కిందికి వాలి ఉండాలి, లేదంటే నీటి చుక్కలు పడి లోపలి సెరామిక్ పగులుతుంది.

ఎర్త్ వైర్: గేజ్ మీద 14.7, లాగర్‌లో 15.1 వస్తుంటే ఎర్త్‌ని అనుమానించండి. చాలా గేజ్‌లు లాగర్‌కి 0 నుంచి 5 వోల్టుల సిగ్నల్ ఇస్తాయి. 0 అంటే 10, 5 అంటే 20 అనే స్కేల్ అయితే, ఎర్త్‌లో 0.2 వోల్టుల తేడా వచ్చినా రీడింగ్ 0.4 మారిపోతుంది. సెన్సార్ హీటర్ కరెంట్ బాగా లాగుతుంది కాబట్టి సన్నని ఎర్త్ వైర్‌తో ఈ తేడా సులభంగా వస్తుంది. ఇంజిన్ ఆన్‌లో ఉండగా గేజ్ ఎర్త్‌కీ, లాగర్ ఎర్త్‌కీ మధ్య మల్టీమీటర్ పెట్టి చూడండి. లాగర్‌లో స్కేల్ సరిగ్గా సెట్ చేశారో లేదో కూడా చూసుకోండి.

సెన్సార్: చల్లారాక విప్పి, బయటి గాలిలో పెట్టి పవర్ ఇవ్వండి. హీటర్ దాన్ని బాగా వేడెక్కిస్తుంది, కొన ముట్టుకోకండి. గేజ్ స్కేల్ చివరి దాకా వెళ్లాలి. ఆక్సిజన్ శాతం చూపించే మోడల్ అయితే 20.9 రావాలి. రాకపోతే, మాన్యువల్‌లో ఫ్రీ ఎయిర్ క్యాలిబ్రేషన్ ఉంటే చేసి చూడండి. అయినా రాకపోతే సెన్సార్ మార్చాల్సిందే.

మరి ఈ20 పెట్రోల్ సంగతేంటి?

మన బంకుల్లో ఇప్పుడు ఈ20 వస్తోంది. దీనికి సరైన నిష్పత్తి సుమారు 13.5. కానీ గేజ్ 14.7 దగ్గరే నిలబడుతుంది. ఎందుకంటే అది లోపల కొలిచేది ల్యాంబ్డా, దాన్ని 14.7తో గుణించి చూపిస్తుంది. కాబట్టి 13.5 రావట్లేదని లీన్ అనుకోకండి. గేజ్‌ని ల్యాంబ్డా మోడ్‌లో పెట్టుకుంటే ఈ గొడవే ఉండదు. ఏ పెట్రోల్ అయినా 1.0 అంటే కరెక్ట్.

ఫైనల్‌గా

నేను ఆ రోజు 8 శాతం పెంచి ఉంటే? ఐడిల్‌లో ఈసీయూ దాన్ని వెనక్కి తగ్గించుకునేది. ఫుల్ థ్రాటిల్‌లో మాత్రం 12.8 కాస్తా 11.9కి పడిపోయేది. పవర్ తగ్గేది, పెట్రోల్ దండగ, కాలని పెట్రోల్‌తో క్యాటలిటిక్ కన్వర్టర్ కూడా పాడయ్యేది. అదంతా తప్పించింది ఒక్క గ్యాస్కెట్. గేజ్ లీన్ అంటే ముందు ఆ ఆక్సిజన్ ఎక్కణ్ణుంచి వచ్చిందో కనుక్కోండి. ల్యాప్‌టాప్ తెరవడం ఆ తర్వాతే.