కాలాన్ని వెనక్కి తిప్పితే ఇంట్లో ఎవరు మిగులుతారు?

గడియారం ముల్లు వెనక్కి తిప్పినంత మాత్రాన గడిచిన గడియ తిరిగి రాదని మనందరికీ తెలుసు. తెలిసి కూడా, ప్రతి ఇంట్లోనూ ఎవరో ఒకరు, ఏదో ఒక రాత్రి, "ఆనాడు ఆ పొలం అమ్మకుండా వుంటే! ఆ బస్సు ఎక్కకుండా వుంటే!" అని నిట్టూర్చక మానరు. కాలంలో వెనక్కూ ముందుకూ ప్రయాణం చేసే కథలన్నీ ఆ నిట్టూర్పులోంచి పుట్టినవే. అటువంటి నవల ఒకటి, మలుపులతో, వుత్కంఠతో, ఒక కుటుంబం చుట్టూ తిరిగేది, మేమూ రాయబోయాము. పన్నెండు ప్రకరణాలు పొడుగు నోటుబుక్కులో రాసి, ఆదివారం రాత్రుళ్లు ఇంట్లో చదివి వినిపించాము. రాయడంలో మేము నేర్చుకున్నది కొంత, చదవడంలో నేర్చుకున్నది అంతకంటె ఎక్కువ. ఆ సంగతి మన పత్రిక పాఠకులతో పంచుకోవాలని ఈ నాలుగు మాటలు.

ఇది పాశ్చాత్యుల సొత్తని కొందరంటారు. మనకేమీ కొత్త గాదు. భాగవతం నవమస్కంధంలో కకుద్మి కథ వున్నది. కూతురు రేవతికి తగిన వరుడెవరని అడగడానికి ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకం వెళ్లాడాయన. అక్కడ సంగీతం జరుగుతున్నది, ముగిసేదాకా ఆగాడు. ఆ కాసేపటిలో భూమిమీద ఇరవైయేడు మహాయుగాలు దాటిపోయినాయి. ఆయన మనసులో అనుకున్న వరులే కాదు, వారి కొడుకులు, మనుమలు, గోత్రాల పేర్లు సైతం వినబడకుండా పోయినాయి. చివరకు రేవతి బలరాముని చేపట్టింది. ఈ కథలో ప్రయాణం గొప్ప గాదు. తిరిగివచ్చిన మనిషిని పలకరించే చుట్టం ఒక్కడూ మిగలలేదన్న ముక్క వుంది చూడండి, అదీ గుండెలో గుచ్చుకునేది.

ఇక పదహారో శతాబ్దంలో పింగళి సూరన రాసిన కళాపూర్ణోదయం వున్నది. బ్రహ్మ సరస్వతికి ముందుగా ఒక కథ చెబుతాడు. చెప్పిన కథ తరువాత భూమిమీద జరిగి తీరుతుంది. ఎవరు ఎవరి బిడ్డో, పూర్వజన్మలో ఎవరికి ఏమవుతారో అన్న చిక్కుముడి ఒక్కొక్క పోగే విడివడుతుంది. కట్టమంచి రామలింగారెడ్డిగారు 1914లోనే కవిత్వతత్త్వవిచారంలో ఈ కావ్యాన్ని పరిశీలించారు. మలుపుల కథ అల్లడం మనవాళ్లకు నాలుగు వందల యేళ్ల కిందటే చేతనయిన విద్య అని చెప్పడానికి ఇది చాలు.

యంత్రం మాత్రం 1895లో ఎచ్.జి. వెల్స్ ఇచ్చినది. ఆయన నవలలో ప్రయాణికుడికి యంత్రం వున్నది గాని, ఆ ప్రయాణంలో కుటుంబం ప్రసక్తి లేదు. కుటుంబాన్ని యంత్రంలో కూర్చోబెట్టింది తరువాతివారు. 1979లో అమెరికా నీగ్రో రచయిత్రి ఆక్టేవియా బట్లర్ రాసిన కిండ్రెడ్ నవలలో, 1976 నాటి యువతి ఒకతె బానిసల కాలంలోకి లాగబడుతుంది. అక్కడ ఒక తెల్ల దొరను పదే పదే ప్రాణాపాయం నుంచి కాపాడవలసి వస్తుంది. వాడు మంచివాడు గాదు. కాని వాడు తన పూర్వీకుడు. వాడు ముందే చస్తే తన వంశమే లేదు. ఇంతకంటె ఇరకాటం ఏముంటుంది? 1985 నాటి బ్యాక్ టు ది ఫ్యూచర్ చిత్రం ఇదే చిక్కును నవ్విస్తూ చెప్పింది: కుర్రవాడు 1955కు పోయి తన తలిదండ్రుల పరిచయానికే అడ్డుపడతాడు. 2017 నుంచి 2020 దాకా వచ్చిన డార్క్ అనే జర్మను ధారావాహికలో నాలుగు కుటుంబాలు ఎంతగా ముడిపడిపోయినాయంటే, అందులో ఒక కూతురు తన తల్లికే తల్లి అవుతుంది!

తెలుగులో సింగీతం శ్రీనివాసరావుగారి ఆదిత్య 369 (1991) మనల్ని 1526 నాటి రాయలవారి కొలువుకు తీసుకుపోయింది. 2016లో వచ్చిన 24 చిత్రంలో కాలాన్ని తిప్పే చేతిగడియారం కోసం కవల సోదరుడే శత్రువవుతాడు. 2022 నాటి ఒకే ఒక జీవితంలో పోయిన తల్లిని మళ్లీ చూడాలని కొడుకు చిన్ననాటి రోజులకు వెళతాడు. మా ఇంట్లో అందరూ కలిసి చూసి, ముగిసిన తరువాత ఎవరూ మాట్లాడకుండా లేచిపోయిన చిత్రం అది.

శాస్త్రం ఏమంటుందని చదువుకున్నవారు అడుగుతారు. ముందుకు పోవడం కొంతవరకు నిజమే. 1971లో హాఫెలె, కీటింగ్ అనే ఇద్దరు అణుగడియారాలను విమానాల్లో భూమి చుట్టూ తిప్పి, నేలమీది గడియారంతో సరిచూచారు. తేడా వచ్చింది, అయితే అది సెకండులో నూరుకోట్లవ వంతులలో లెక్కించదగినంత స్వల్పం. కకుద్మి మహారాజు ప్రయాణం ఈ జాతిదే అనుకోవచ్చును. వెనక్కి పోయినవాడు మాత్రం ఇంతవరకు లేడు. అంచేత వెనక్కి పోయే కథ రాసేవాడు తన నియమం తానే పెట్టుకోవాలి. జరిగింది మారదు అనవచ్చు. మారితే నేడు కూడా మారిపోతుంది అనవచ్చు. మార్చినప్పుడల్లా వేరొక లోకం చీలుతుంది అనవచ్చు. ఏదైనా సరే, మొదటి పుటలో పెట్టుకున్న నియమాన్ని చివరి పుటలో తప్పితే పాఠకుడు క్షమించడు.

ఇక మా నవల సంగతి. పావగడ తాలూకాకు చుట్టూ చాలావరకు ఆంధ్ర గ్రామాలే. ఇంట్లో మాట్లాడేది తెలుగు, బడిలో రాసేది కన్నడం. మా పిల్లలకు తెలుగు వినడమే గాని చదవడం రాదు. కాబట్టే చదివి వినిపించవలసి వచ్చింది. మేము ఆఫీసులో గుమాస్తాలము. వారసత్వం కాగితాల్లో వంశవృక్షాలు చూసి చూసి కళ్లు కాయలు కాచినవారము. కాలప్రయాణపు కథ కూడా వంశవృక్షమే గదా, ఒక కొమ్మ మాత్రం వెనక్కి వంగి వేరును తాకుతుంది అని తోచి కలం పట్టాము. మొదట మూడు గళ్ల పట్టిక గీసుకున్నాము: తేదీ, ఆ తేదీన ఎవరి వయస్సు ఎంత, ఎవరికి ఏ రహస్యం తెలుసు. ఈ మూడో గడి లేకపోతే మలుపు నిలవదు.

కథానాయకుడు నేటి కుర్రవాడు. తాతగారి గోడగడియారానికి తాళం చుట్టబోయి 1974లోకి జారిపడతాడు. ఏ సంవత్సరమో మేము చెప్పలేదు. తిరుమణి వైపు నడుస్తూ, 2018లో మొదలయిన సౌరవిద్యుత్తు పార్కు, పదమూడు వేల యెకరాల్లో పరచిన ఆ నల్లటి అద్దాలు కనబడతాయేమోనని చూస్తాడు. అద్దాలు లేవు. కనుచూపు మేర శనక్కాయ చేలు. దూరాన ఒక యెద్దులబండి. వినేవారికి గుండె ఝల్లుమనడానికి అంత చాలింది.

ఆ బండి మా కల్పన గాదు. మా నాయనగారి మొదటి భార్య, మేము పెద్దమ్మ అనవలసిన ఆమె, 1974లో నొప్పులు పడుతూ అటువంటి బండిలోనే పావగడకు బయలుదేరి, వూరు చేరకముందే బిడ్డతో సహా పోయినారు. కన్నడంలో రాసిన మా వంశవృక్షంలో ఆమెకు దక్కింది ఒక గీత, ఒక పేరు, 'మృతి' అన్న మాట. అంతే. ఆమెను బతికించాలనే మేము నవల మొదలుపెట్టాము. తొమ్మిదో ప్రకరణంలో కథానాయకుడు ఎక్కడినుంచో జీపు తెచ్చి, ఆమెను సకాలంలో ఆసుపత్రికి చేర్చాడు. తల్లీ బిడ్డా క్షేమం. సంతోషంతో ఇంటికి తిరిగివస్తే, ఆ ఇంట్లో ఎవరూ అతన్ని గుర్తుపట్టరు. గొప్ప మలుపు రాశామని మాకు గర్వం కలిగింది.

మా పెద్దమ్మాయి వెంటనే అడిగింది: "పుట్టనివాడు జీపు ఎట్లా తెచ్చినాడు నాన్నా?" దానికి మా దగ్గర జవాబు లేకపోయింది. మా అమ్మ మాత్రం ఏమీ అనకుండా లేచి లోపలికి పోయింది.

మరునాడు ఉదయం కాఫీ ఇస్తూ అన్నది: "ఆయమ్మను బతికించినావు, మంచిదే అప్పా. ఆయమ్మ వుంటే నేనీ ఇంటికి ఎట్లొస్తును? నేను రాకుంటే నువ్వెక్కడ, నీ పిల్లోళ్లెక్కడ? ఆయమ్మ పేరు మీద ఏటేటా దీపం పెడతాండేది నేను. నన్నే ఇంట్లోంచి పంపేసినావు గదా!"

మాకు మాట రాలేదు. నలభయ్యేళ్లుగా ఆమె ఆ దీపం పెడుతూంటే చూశాము గాని, ఒకరు పోయినందువల్ల తానొచ్చానన్న భారాన్ని మోస్తూ పెడుతున్నదని ఎన్నడూ తోచలేదు. మేము రాసినది ఒకరికి ప్రాణం పోసి ఇంకొకరిని తుడిచివేసిన కథ. కాలాన్ని తిప్పవచ్చునా అన్నది శాస్త్రజ్ఞుల ప్రశ్న. తిప్పితే ఆ ఖర్చు ఎవరి ఖాతాలో పడుతుందన్నది ఇంటి ప్రశ్న. కుటుంబ నవలకు రెండోదే ప్రాణం.

అప్పుడు అమ్మ ఇంకొక మాట కూడా చెప్పింది. ఆ రాత్రి బండి ముందర ఎవరో తెలియని పిల్లవాడు లాంతరు పట్టుకుని దారి చూపిస్తూ నడిచినాడట. ఎవరి బిడ్డో నాయనగారికి తెలియదు. మళ్లీ ఎన్నడూ కనబడలేదట. నాయనగారు ఆమెకు తప్ప ఎవరికీ చెప్పలేదు.

మేము తొమ్మిదో ప్రకరణం చించివేశాము. జరిగింది మారదు అన్న నియమం పెట్టుకుని మళ్లీ రాశాము. ఇప్పుడు కథానాయకుడికి జీపు దొరకదు. దొరికింది లాంతరు ఒకటే. బండి ముందర నడుస్తాడు. ఆమె దాహమంటే నీళ్లిస్తాడు. "నువ్వెవరి పిల్లోడివప్పా?" అని ఆమె అడిగితే, "మీ ఇంటివాణ్ణే" అంటాడు. ఇంటికి తిరిగివచ్చి, ఎన్నో యేళ్లుగా నాయనమ్మ చెబుతూవచ్చిన ఆ తెలియని పిల్లవాడు తానేనని గ్రహిస్తాడు. మలుపు బయటినుంచి తెచ్చింది గాదు, ఇంట్లో వున్నదే. అమ్మాయి లెక్క కూడా సరిపోయింది.

ఆ ఆదివారం చదివినప్పుడు అమ్మ లేచిపోలేదు. చివరిదాకా విని, "ఆ నీళ్లిచ్చే కాడ మల్లొకసారి చదువు" అన్నది. చదివాము.

పాఠకులకు మా మనవి ఒక్కటే. ఇటువంటి నవలలు చదివేటప్పుడు యంత్రం ఎట్లా తిరిగిందని మాత్రమే చూడకండి. ఎవరి పేరు చెరిగిపోతున్నదో కూడా చూడండి. రాయదలచుకున్నవారు యంత్రాన్ని వెతకడానికి ముందు ఇంట్లో పెద్దల దగ్గర కాసేపు కూర్చోండి. మీ పట్టికలో మూడో గడి, ఎవరికి ఏ రహస్యం తెలుసునన్నది, నింపగలిగినవారు వాళ్లే. వారుండగానే అడిగి రాసుకోవాలి. మా నాయనగారిని ఆ లాంతరు పిల్లవాడి సంగతి అడుగుదామంటే, వెనక్కి పోయే బండి మాకు లేదు.