సత్యభామ జమున

మనామాలో శుక్రవారం వస్తే మా ఇంట్లో పాత తెలుగు సినిమా ఉండాల్సిందే. మొన్న 'శ్రీకృష్ణ తులాభారం' (1966) చూస్తూ మా అమ్మాయి, "నాన్నా, ఈవిడకి నిజంగానే అంత పొగరా?" అంది.

పొగరు పాత్రది తల్లీ, ధైర్యం జమునది. ఆవిడ 1936లో హంపీలో పుట్టి, గుంటూరు జిల్లా దుగ్గిరాలలో పెరిగారు. చిన్నతనంలోనే నాటకాలు వేశారు. డాక్టర్ గరికపాటి రాజారావు 'పుట్టిల్లు' (1953)తో సినిమాకి పరిచయం చేశారు. 'వినాయక చవితి' (1957)లోనూ ఆవిడే సత్యభామ.

నాటకాల్లో సత్యభామంటే స్థానం నరసింహారావు గారే, మగవారు! 'మీరజాలగలడా' ఆయన రాసుకున్న పాటే. సినిమాలో సుశీల పాడితే జమున అభినయించారు. మగవారు దిద్దిన పాత్ర అలా ఆడమనిషి సొంతమైంది. 1989లో రాజమండ్రి నుంచి ఆవిడ లోక్‌సభకీ వెళ్ళారు. 2023 జనవరిలో కన్నుమూశారు.

నిరుడు ఉగాది స్టేజీ మీద ఎవరో నవ్వారని మా అమ్మాయి మధ్యలోనే దిగిపోయింది. ఈసారి సత్యభామ వేస్తానంటోంది. మాట మరిచిపోతే అందించడానికి ముందు వరసలో నేనుంటాను. మీ పిల్లల్నీ స్టేజీ ఎక్కించండి. ఎవరు తడబడినా దయచేసి నవ్వకండి. సెలవు.