గుడ్డ ఇచ్చి జాజికాయ కొన్న రోజులు

అంగడికి వెళ్ళి రెండు జాజికాయలు అడిగితే శెట్టిగారు కాగితంలో పొట్లం కట్టి ఇస్తాడు. మీరు డబ్బులిస్తారు. అంతటితో సరి. కాని 400 ఏళ్ళ క్రితం ఇది ఇంత తేలిక కాదు. జాజికాయలు అప్పుడు ప్రపంచం మొత్తానికి ఒకే ఒక్క చోటు నుంచి రావాలి. అవి బాండా దీవులు. ఇప్పటి ఇండొనేసియా తూర్పు భాగంలో ఉన్నాయి. పటం తీసి వెతకండి. పెద్ద పటమైతే తప్ప కనబడవు, అంత చిన్నవి! (అన్నట్టు, జాజికాయ, జాపత్రి రెండూ ఒకే పండులో ఉంటాయి. లోపలి గింజ జాజికాయ, దాన్ని వలలా చుట్టుకొని ఉండే ఎర్రని పొర జాపత్రి.)

దూరదేశాల వర్తకులు వెండి నాణాలు పట్టుకొని ఆ దీవులకు వెళితే సరిపోయేది కాదు. వెండిని తినలేరు, కట్టుకోలేరు గదా! దీవులవాళ్ళకు బియ్యం కావాలి, గుడ్డలు కావాలి. ఎటువంటి గుడ్డలు? ఎన్ని ఉతుకులు ఉతికినా రంగు పోని నూలు గుడ్డలు. అవి మన దేశంలో గుజరాతు నుంచి, కోరమండల్ తీరం నుంచి వెళ్ళేవి. ఆ తీరంలో గోలకొండ సుల్తానుల ముఖ్యమైన రేవు మన మచిలీపట్నం. దానినే బందరు అంటాం. 'బందరు' అంటే పర్షియన్ భాషలో రేవు అనే అర్థం. ఆ భాష మాట్లాడే వర్తకులు ఎంతగా వచ్చిపోయేవారో ఆ పేరే చెబుతుంది. ఐరోపావాళ్ళు కోటలు, గిడ్డంగులు కట్టకముందే ఇక్కడి ఓడలు బర్మాలోని పెగూకు, సుమత్రా దీవిలోని అచేకు, పర్షియాకు, ఎర్ర సముద్రపు రేవులకు సరుకు మోసేవి.

ఇంతకూ ఆ గుడ్డలో ఉన్న రహస్యం ఏమిటి?

ఒక తెల్ల నూలు గుడ్డను రంగునీళ్ళలో ముంచి తీయండి. చక్కగా రంగు ఎక్కుతుంది. నాలుగు ఉతుకులకు వెలిసిపోతుంది. నూలుపోగుకూ చాలా రంగులకూ స్నేహం లేదు. వాటి మధ్య స్నేహం కుదిర్చే మూడో పదార్థం కావాలి. అదే పటిక. పటికలో అల్యూమినియం ఉంటుంది. అది ఒక చేత్తో నూలుపోగును, ఇంకొక చేత్తో రంగును పట్టుకుంటుంది. ఇక ఉతికినా వదలదు.

మన అద్దకంవాళ్ళు గుడ్డను ముందుగా కరక్కాయ రసంలోనూ గేదెపాలలోనూ నానబెట్టి ఆరవేసేవారు. ఇనుప ముక్కలు, బెల్లం నీళ్ళలో పులియబెట్టి, ఆ నీళ్ళతో గీతలు గీసేవారు. కరక్కాయ రసం తగలగానే అవి నల్లగా తేలేవి. ఎరుపు కావలసిన చోట పటిక నీళ్ళు పూసేవారు. ఆ తరువాత గుడ్డ మొత్తాన్ని చిరివేరు అనే మొక్క వేళ్ళు వేసిన నీళ్ళలో మరగబెట్టేవారు. పటిక పూసిన చోట ఎరుపు నిలిచిపోతుంది. పూయని చోట అంటిన రంగు, పారే నీళ్ళలో జాడించి ఎండలో ఆరవేస్తే పోతుంది. చూశారా! బొమ్మ గీసేటప్పుడు పటిక నీళ్ళకు రంగు లేదు. గుడ్డ మరిగాకే బొమ్మ బయటికి వస్తుంది. కృష్ణా నది సముద్రంలో కలిసే ప్రాంతపు ఇసుక నేలల్లో దొరికే చిరివేరు చాలా మేలైనదని పేరు.

మీరూ చేసి చూడవచ్చు. మూలికల కొట్లో మంజిష్ఠ వేళ్ళు దొరుకుతాయి. వాటిలోనూ ఇదే జాతి ఎర్రరంగులు ఉన్నాయి. రెండు తెల్ల నూలు పీలికలు తీసుకోండి. ఒకదాన్ని పటిక నీళ్ళలో రాత్రంతా నానబెట్టి ఆరవేయండి. రెండోది అలాగే ఉంచండి. రెండింటినీ మంజిష్ఠ నీళ్ళలో కలిపి మరగబెట్టి, సబ్బుతో ఉతకండి. పొయ్యి దగ్గర పెద్దవాళ్ళను నిలబెట్టుకోవడం మరచిపోవద్దు. ఏ పీలిక ఎర్రగా మిగులుతుందో నేను చెప్పను.

ఈ విద్య ఒకనాడు ఐరోపావాళ్ళకు అబ్బురం. ఉన్ని మీద, పట్టు మీద రంగులు వేయడం వాళ్ళకు వచ్చు గాని, నూలు మీద రంగురంగుల బొమ్మలు ఇలా నిలపడం రాదు.

డచ్చివాళ్ళు 1602లో ఒక వర్తక కంపెనీ పెట్టారు. వాళ్ళకు కావలసింది జాజికాయ, లవంగాలు. గుడ్డలు లేకుండా అవి దొరకవని త్వరలోనే తెలుసుకున్నారు. 1605లో మచిలీపట్నం వచ్చి, మరుసటి ఏడు గోలకొండ సుల్తాను అనుమతితో గిడ్డంగి నడిపారు. 1611లో ఇంగ్లీషువాళ్ళూ వచ్చారు. కోరమండల్ తీరం మొలుక్కా దీవులకు ఎడమ చేయివంటిదని, ఇక్కడి గుడ్డ లేకపోతే అక్కడి వర్తకం చచ్చిపోతుందని హెండ్రిక్ బ్రౌవర్ అనే డచ్చి అధికారి 1612లోనే పైవాళ్ళకు రాశాడు.

మరి మన నేతగాళ్ళకు వాళ్ళేమి ఇచ్చారు? ఐరోపా ఉన్ని బట్టలు బందరు ఎండలో ఎవరికి కావాలి! వెండి, బంగారం ఇవ్వాల్సి వచ్చింది. ఆ వెండి వాళ్ళ గనులలోది కాదు. చాలా భాగం దక్షిణ అమెరికాది. ఇప్పటి బొలీవియాలో పొటోసి అనే కొండ ఉంది. 4,000 మీటర్లకు పైన, ఊపిరి ఆడని ఎత్తు. 1545లో అక్కడ వెండి బయటపడింది. స్పెయిను పాలకులు 1573 నుంచి చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళను వంతులవారీగా, బలవంతాన గనుల్లోకి దింపారు. ఎందరో లోపలే ప్రాణాలు వదిలారు. ఆ వెండి స్పెయినుకు, అక్కడి నుంచి చేతులు మారి ఆంస్టర్‌డాంకు, ఆఫ్రికా చుట్టి బందరుకు చేరేది. బందరు గుడ్డ బాండాకు. బాండా జాజికాయ తిరిగి ఆంస్టర్‌డాంకు.

ఇదొక గొలుసు. పొటోసిలో సుత్తి పట్టినవాడికి బందరు తెలియదు. చిరివేరు తవ్వినవాడు బాండా పేరు విని ఉండడు. గొలుసు మొత్తం కనబడేది కంపెనీ లెక్కల పుస్తకంలోనే. లాభం ఎక్కువగా అక్కడే ఎందుకు పోగుపడిందో ఇప్పుడు మీకు అర్థమవుతుంది.

కంపెనీకి ఆ లాభమూ చాలలేదు. జాజికాయ తమకు తప్ప ఇంకెవరికీ అమ్మకూడదని బాండావాళ్ళను ఒత్తిడి చేసింది. వాళ్ళు మాట వినలేదు. 1621లో యాన్ కూన్ అనే గవర్నరు సైన్యంతో దీవుల మీద పడ్డాడు. సుమారు 15,000 మంది జనంలో వెయ్యిమందో ఏమో మిగిలారని చరిత్రకారుల అంచనా. చంపగా, ఆకలికి మాడగా, పారిపోగా, పట్టుకుపోగా దీవులు ఖాళీ అయ్యాయి. తోటల్లో పనికి బానిసలను తెచ్చారు. ఆ శతాబ్దంలో కరువులు వచ్చినప్పుడల్లా మన కోరమండల్ తీరం నుంచి కూడా డచ్చి ఓడలు బానిసలను ఎక్కించుకుపోయాయి. గుడ్డలు ఎక్కిన రేవుల్లోనే మనుషులూ ఎక్కారు.

కొంతకాలానికి ఈ గుడ్డలు ఐరోపాకే వెళ్ళడం మొదలయింది. మనం చీటిగుడ్డ అంటామే, దాన్ని ఇంగ్లీషువాళ్ళు 'చింట్జ్' అన్నారు. తేలికగా ఉంటుంది, ఉతుక్కోవచ్చు, రంగు పోదు. ఇక రాణుల దగ్గర నుంచి పనిమనుషుల దాకా అదే మోజు! అక్కడి ఉన్ని, పట్టు నేతగాళ్ళ పొట్ట కొట్టినట్టయింది. 1719లో లండను వీధుల్లో చీటిగుడ్డ కట్టిన ఆడవాళ్ళ మీద నేతగాళ్ళు పడి గౌన్లు చింపేశారు. ప్రభుత్వాలూ ఊరుకోలేదు. ఫ్రాన్సు 1686లో రంగు అద్దిన నూలు గుడ్డను నిషేధించి 1759 దాకా ఆ నిషేధం ఎత్తలేదు. ఇంగ్లండు 1700లో ఒక చట్టం, 1721లో మరీ గట్టి చట్టం చేసింది. అయితే ఆ గుడ్డను లండనులో దించి మళ్ళీ వేరే దేశాలకు అమ్ముకోవచ్చునట! అలా పడమటి ఆఫ్రికా తీరానికి వెళ్ళిన భారతదేశపు గుడ్డలతో మనుషులను బానిసలుగా కొన్నారు.

నిషేధం వల్ల ఇంకొకటి జరిగింది. బయటి గుడ్డ రాకపోతే తామే తయారుచేయాలని ఐరోపావాళ్ళు పట్టుబట్టారు. కోరమండల్ తీరంలో ఉన్న కూర్దూ అనే ఫ్రెంచి మతబోధకుడు అద్దకంవాళ్ళ దగ్గర కూర్చొని పాలు, కరక్కాయ, పటిక, చిరివేరు అన్నీ వివరంగా అడిగి 1742లో ఫ్రాన్సుకు ఉత్తరం రాశాడు. అది అచ్చయింది. మన అద్దకంవాడికి దక్కిన ప్రతిఫలం ఏమీ కనబడదు.

ఆ తరువాత యంత్రాలు. 1769లో ఆర్క్‌రైట్ నీటిశక్తితో నూలు వడికే యంత్రానికి పేటెంటు పొందాడు. 1779లో క్రాంప్టన్ ఇంకా సన్నని నూలు తీశాడు. 1783లో థామస్ బెల్ గుండ్రని లోహపు రోలర్లతో గుడ్డ మీద బొమ్మలు అచ్చువేసే పద్ధతికి పేటెంటు తీసుకున్నాడు. కలంతో రోజుల తరబడి గీసే పని రోలరు కింద నిమిషాల్లో అయిపోతోంది. అప్పటికి ఉత్తర సర్కారులు ఇంగ్లీషు కంపెనీ చేతుల్లో ఉన్నాయి. నేతగాడికి ముందుగా కొంత సొమ్మిచ్చి కట్టిపడేసి, తాను చెప్పిన ధరకే గుడ్డ ఇమ్మనేది. నేతగాళ్ళు పలుసార్లు ఎదురుతిరిగారు కూడా. 1813లో కంపెనీ గుత్తహక్కు పోయి, ఇంగ్లండు మిల్లు గుడ్డ మన దేశంలోకి వరదలా వచ్చింది. అంటే యంత్రం ఒక్కటే మన నేతను ఓడించలేదు. తమ గడప దగ్గర చట్టంతో తలుపు మూసుకొని, ఇక్కడి తలుపు బలవంతాన తీయించారు.

చిరివేరుకు మాత్రం దెబ్బ రసాయనశాలలో తగిలింది. ఆ వేరులో ఎరుపునిచ్చే పదార్థం పేరు అలిజరిన్. 1868లో గ్రేబే, లీబెర్మన్ అనే ఇద్దరు జర్మన్ శాస్త్రజ్ఞులు దాన్ని తారులో దొరికే ఆంత్రసీన్ నుంచి తయారుచేశారు. మరుసటి ఏడు జూన్ 25న వాళ్ళు పేటెంటుకు దరఖాస్తు పెట్టారు. ఇంగ్లండులో పెర్కిన్ కూడా అదే కనిపెట్టి 26న పెట్టాడు. ఒక్క రోజు తేడా! కొద్ది ఏళ్ళలోనే ఫ్రాన్సులో మంజిష్ఠ జాతి మొక్కలు పండించే రైతులు నష్టపోయారు. ఇక్కడ చిరివేరు తవ్వేవాళ్ళకూ పని పోయింది. బందరుకైతే అంతకు ముందే, 1864 నవంబరులో వచ్చిన తుఫాను ఉప్పెనలో సుమారు 30,000 మంది పోయారు. ఆ రేవు మళ్ళీ పాతరోజులకు రాలేదు.

అద్దకం పని మాత్రం చావలేదు. మచిలీపట్నం పక్కనే ఉన్న పెడనలో చెక్క అచ్చులతో గుడ్డ మీద ముద్రవేసి, కాలువ నీళ్ళలో జాడించి, ఎండలో ఆరవేయడం ఈనాటికీ చూడవచ్చు. ఎరుపు కోసం వాళ్ళు గుడ్డను అలిజరిన్ వేసిన నీళ్ళలోనే మరగబెడతారు. ఆ అలిజరిన్ ఫ్యాక్టరీ నుంచి వస్తుంది. పటిక మాత్రం పాత పటికే.