తాతకు నవ్వు, మనుమనికి ప్రశ్న



వెనుకటి దినములను తలపించి నవ్వించు చిత్రములు నేడు పలు దేశములలో వెలువడుచున్నవి. ఇండోనేషియాలో పూర్వపు వార్కోప్ హాస్య బృందమును క్రొత్త నటులతో మరల చూపిన చిత్రమును 2016లో 68 లక్షలకు పైగా జనులు చూచిరి. మన తెలుగున ‘బలగం’ అట్టిది. వేణు యెల్దండి గారు దర్శకులు. మన జిల్లా నర్సింగ్‌పల్లిలో జన్మించిన దిల్ రాజు గారి సంస్థ నిర్మించినది.

అది 2023 మార్చి 3న సినిమా హాళ్లకు వచ్చినది. 24వ తేదీననే ప్రైమ్ వీడియోలో ఇంటింటికి వచ్చినది. ఈ పద్ధతిలో చిత్రము దూరమందలి యంత్రములలో నిలువయుండి, చందా కట్టినవారు కోరిన వేళ ఇంటర్నెట్టు ద్వారా కొంచెము కొంచెముగ వచ్చి ఫోనులో ఆడును. నడుమ ఆపవచ్చును, వెనుకకు త్రిప్పవచ్చును.

కథలో తాత కొమురయ్య మరణించును. పెట్టిన పిండమును కాకి ముట్టదు. బావ బామ్మరదులకు ఏండ్ల తరబడి మాటలు లేవు. కారణము విందులో ఒక నల్లి బొక్క! నేను కడుపుబ్బ నవ్వితిని. ప్రక్కనున్న మనుమడు మాత్రము, “బొక్కకు ఇంత కోపమెందుకు తాతా?” అనెను. చిత్రము నాపి చెప్పితిని: అల్లుని విస్తరిలో ఏ తునక పడినదన్నది కూరను గూర్చిన మాట కాదు, మర్యాదను గూర్చిన మాట. అప్పుడు వాడును నవ్వెను.

పాత కాలపు హాస్యము ఆ కాలము నెరిగిన వారికే అందును. బోధన్ నిజాం చక్కెర కర్మాగారము 2015లో మూతపడినది. దాని ముందర చెరకు బండ్లు బారులు తీరుటను పిదప పుట్టిన బిడ్డలు చూచి యెరుగరు. రేపు దానిపై ఎవరైన హాస్య చిత్రము తీసినచో తాత నవ్వును, మనుమడు తాత ముఖము చూచును.

2023లో తెలంగాణ పల్లెలు పెక్కింట తెర కట్టి ‘బలగం’ను ఊరంతయు కూడి చూచినది. అచ్చట అడుగుటకు పెద్దలుండిరి. ఫోనులో ఒంటరిగ చూచు బిడ్డకు ఎవరు చెప్పుదురు?

కావున నా మనవి: ఇట్టి చిత్రములను పిల్లలతో కూడి చూడుడు. అడిగినప్పుడు ఆపి చెప్పుడు. వెనుకటి కాలమంతయు బంగారమని మాత్రము చెప్పకుడు. ఆనాటి అలకలను, తప్పులను గూడ చెప్పుడు. మనము చెప్పక పోయినచో ఆ నవ్వు మనతోనే పోవును.