బరువు మోయని ఎముక

రాజా చారి గారి నాయన తెలంగాణ నుంచి అమెరికా పోయినారు. కొడుకు 2021 నవంబరు నుంచి 2022 మే దాకా 177 రోజులు అంతరిక్ష కేంద్రంలో ఉన్నారు. ఆడ ఒంటి బరువు తెలీదు, నడక లేదు, తేలడమే. భలే హాయి అనుకోవద్దండి. బరువు మోయని ఎముకలోంచి కాల్షియం కరిగి మూత్రంలో పోతుంది. కసరత్తు చేయకుంటే తుంటి ఎముక నెలకు నూటికి ఒకటి, ఒకటిన్నర వంతు తగ్గుతుంది. ముసలివాళ్ళకు ఏడాదిలో తగ్గేంత! అందుకే రోజూ రెండు గంటలు కసరత్తు చేస్తారు. అయినా కిందికొచ్చిన ఏడాదికి కూడా కొందరి కాలెముకలు పూర్తిగా కోలుకోలేదని 2022లో తేలింది.

మరి మా అవ్వ బతుకంతా గండి గుట్టల్లో కట్టెల మోపులు మోసింది గదా, తుంటి ఎందుకు విరిగిందని సైన్సు సారును అడిగినా. మోత ఒకటే చాలదు, వయసుకు ఎముక పలచబడుతుంది, తిండిలో కాల్షియం కూడా ఉండాలన్నారు. అది పాలల్లో, రాగుల్లో ఉంటుంది. (సంగటి వదిలేసేవాళ్ళు చూసుకోండి.) మా అవ్వ మేకపాలన్నీ మాకే పోసేది.