తొర్రలోని చిలుక

కోనసీమ కొబ్బరితోటల నడుమ అక్కడక్కడ మొవ్వు విరిగిన మోడులు కనిపిస్తాయి. 1996 నవంబరు 6వ తేదీన వచ్చిన తుపాను ఆ సీమలో లెక్కకందనన్ని చెట్లను నేలకూల్చింది. తరువాతి గాలివానలూ తమ వంతు తాము తీసుకొన్నాయి. తలలేని మానుతో తోట యజమానికి పని లేదు. రామచిలుకకు మాత్రం అది ఇల్లు. చిలుక గూడు అల్లదు. పుల్లా పుడకా ఏరి తెచ్చుకోదు. వడ్రంగిపిట్ట తొలిచి విడిచిన రంధ్రమో, పుచ్చిన మానులోని తొర్రో వెదకి, ముక్కుతో కాస్త విశాలం చేసుకొని, లోపలి పొట్టు మీదనే గుడ్లు పెడుతుంది. సుమారు మూడు వారాలకు పిల్లలు బయటపడతాయి. అవి ఎగరడానికి మరో ఏడు వారాలు పడుతుంది. ఆ రెండున్నర నెలలూ ఆ కుటుంబం భవిష్యత్తంతా ఒక తొర్రలో ఉంటుంది.

మనం నిత్యం చూసే రామచిలుక తోకతో కలిపి దాదాపు 40 సెంటీమీటర్ల పొడవుంటుంది. అందులో సగానికి పైగా తోకే. మగచిలుకకు మూడవ ఏట మెడలో నలుపు, గులాబి రంగుల కంటె ఏర్పడుతుంది. ఆడచిలుకకు ఆ అలంకారం లేదు. దీనికంటె పెద్దదైన మరొక చిలుకకు భుజాన ఎర్రని మచ్చ ఉంటుంది. పాశ్చాత్యులు దానికి అలెగ్జాండరు పేరు పెట్టారు. అతనికి పూర్వమే టెసియస్ అనే గ్రీకు రచయిత, మనిషివలె మాట్లాడే పక్షి భారతదేశంలో ఉన్నదనీ, నేర్పితే గ్రీకు కూడా పలుకగలదనీ వ్రాశాడు. ఈ విధంగా చిరకాలం చిలుక అంటే ఐరోపావారికి భారతదేశమే గుర్తుకు వచ్చేది.

1492 అక్టోబరు 12న కొలంబసు బహామా దీవులలో దిగినప్పుడు, అక్కడి ప్రజలు ఓడల వద్దకు ఈదుకొంటూ వచ్చి నూలు ఉండలతో పాటు చిలుకలను కూడా ఇచ్చారు. తాను ఇండియా చేరువకు వచ్చానని నమ్మిన ఆ నావికునికి చిలుకలు ఎంత ధైర్యమిచ్చి ఉంటాయో ఊహించవచ్చు. కాని అవి మన చిలుకలు కావు. ఆ దీవులలో నేటికీ బతికి ఉన్నది అమెజాన్ చిలుకలలో ఒక జాతి. మెక్సికో మొదలు అర్జెంటీనా వరకు, కరీబియన్ దీవులతో సహా, అమెరికా ఉష్ణమండలంలో ఈ చిలుకలు సుమారు 30 జాతులుగా విస్తరించి ఉన్నాయి. దాదాపు అన్నింటి ఒళ్ళూ ఆకుపచ్చనే. నుదుట నీలమో, తలపై పసుపో, రెక్కల మీద ఎరుపో చూసి జాతిని గుర్తిస్తారు. మన చిలుక సన్నగా, పొడవైన తోకతో ఉంటే, అమెజాన్ చిలుక గుండ్రంగా, బొద్దుగా, కత్తిరించినట్లున్న పొట్టి తోకతో ఉంటుంది. గూడు విషయంలో మాత్రం రెండింటికీ ఒకటే అలవాటు. దానికీ తొర్రే కావాలి.

ఈ చిలుకల పలుకుల గురించి ఒక ముచ్చట చెప్పుకోవాలి. మెడ వెనుక పసుపురంగు గల అమెజాన్ చిలుకలను కోస్టారికా దేశంలో పరిశీలించగా, ప్రాంతాన్ని బట్టి వాటి పిలుపు మారుతున్నట్లు తేలింది. ఒక్కొక్క సీమ చిలుకలకు ఒక్కొక్క యాస. రెండు యాసల సరిహద్దున నివసించే కొన్ని చిలుకలు రెండింటినీ పలుకుతాయి. గోదావరి మాటతీరును ఇట్టే గుర్తుపట్టే మనకు ఇది వింతగా తోచదు. పంజరంలో మనిషి మాటను అనుకరించే చిలుక, అడవిలోనైతే తన వారి యాసను నేర్చుకొని ఉండేది.

అటువంటి చిలుకలలో ఒక జాతి కనుమరుగు అంచుకు చేరి వెనుదిరిగిన చరిత్ర ప్యూర్టోరికో ద్వీపానిది. చెరకు, కాఫీ తోటల కోసం అక్కడి అడవులను నరికివేశారు. ముసలి మానులతో పాటు తొర్రలూ పోయాయి. మిగిలిన గూళ్ళలోని పిల్లలను పట్టి అమ్ముకొన్నారు. 1975 నాటికి అడవిలో ఆ చిలుకలు 13 మాత్రమే మిగిలాయి. అంతకు రెండేళ్ళ ముందే సంరక్షణ కేంద్రం నెలకొల్పి పిల్లలను పెంచసాగారు. గూళ్ళను ఆక్రమించే ఒక పక్షి లోతైన చీకటి తొర్రలలోనికి దిగడానికి జంకుతుందని గ్రహించి, అటువంటి కృత్రిమ తొర్రలను అమర్చారు. 1989లో వచ్చిన పెనుతుపానుకు అడవిలోని చిలుకలలో దాదాపు సగం నశించాయి. 2017 తుపానుకు తూర్పు కొండలలోని చిలుకలు ఇంచుమించు తుడిచిపెట్టుకు పోయాయి. అయితే 2006 నుండి ద్వీపం పడమటి భాగంలోనూ చిలుకలను విడిచిపెట్టసాగారు. జాతి నిలిచింది అక్కడే. తుపానులెరిగిన గోదావరి డెల్టావారికి ఈ ముందుచూపు విలువ వేరే చెప్పనక్కరలేదు.

మన రామచిలుక అంత ఆపదలో లేదు. పాత గోడల కన్నాలలోనూ సర్దుకోగల గడుసుదనం దానికుంది. లంకభూముల జామతోటల మీద, మొక్కజొన్న చేల మీద గుంపులుగా వాలినప్పుడు మంచె మీది రైతు ఒడిసెల అందుకొంటాడు. ఆ కోపంలో అన్యాయమేమీ లేదు; చిలుక తినే దానికంటె కొరికి పారవేసేదే ఎక్కువ. ఇంత నష్టం చేసే పక్షినే ఇంటి ముందు పంజరంలో ముద్దు చేయడం మనలోని వైచిత్రి. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం మన చిలుకను పట్టడం, అమ్మడం, పెంచడం నేరాలు. తిరునాళ్ళలో జోస్యం చీటీ తీసే చిలుకకూ అది వర్తిస్తుంది. అమెజాన్ చిలుకల విదేశీ వ్యాపారాన్ని 1975లో అమలులోనికి వచ్చిన అంతర్జాతీయ ఒప్పందం నియంత్రిస్తున్నది. 2022 సవరణతో, అటువంటి విదేశీ జీవులను పెంచేవారు వాటిని నమోదు చేయించుకొనవలసి ఉంటుంది.

పిల్లలను పట్టేవారు చేయి దూరని చోట తొర్రను గొడ్డలితో చీల్చుతారు. ఆ ఏటి పిల్లలతో పాటు రాబోయే ఏళ్ళ గూడు కూడా పోతుంది. పట్టేవారు రాకపోయినా మోడుకు మరొక గండం ఉంది. కుళ్ళిన కొబ్బరి మానులో కొమ్ము పురుగు గుడ్లు పెడుతుంది; పెరిగి పెద్దదై పచ్చని చెట్ల మొవ్వును తొలుస్తుంది. అందుచేత మోడులను తొలగించమని వ్యవసాయ శాస్త్రజ్ఞులు చెబుతారు. రైతుకు ఆ సలహా పాటించక తప్పదు. మోడు కొట్టే ముందు తొర్రలో చప్పుడు వింటే, పిల్లలు ఎగిరేదాకా కొన్ని వారాలు ఆగవచ్చు. పక్కనున్న చెట్టుకు లోతైన చెక్కపెట్టె ఒకటి కట్టవచ్చు. రామచిలుక పెట్టెలలోనూ కాపురం చేస్తుంది.